స్వరతంత్రుల మీద వెంట్రుకలు

డోరాకు ఆదివారం రెండు ఆరాధనలు. మొదటిది చర్చిలో, పాస్టరుగారి ముందు. రెండోది అబిడ్స్ ఫుట్‌పాత్ మీద, పాత పుస్తకాల బిచ్చయ్య ముందు. పాస్టరుగారి ప్రసంగం పదకొండున్నర దాటిందంటే ఆమె కాళ్లు బెంచీ కింద చెప్పులు వెతుక్కోవడం మొదలుపెడతాయి. ఆశీర్వాదం అయిందో లేదో, ఎదురొచ్చినవాళ్లకు "వందనాలు, వందనాలు" అంటూ గేటు దాటేస్తుంది. అరవై దాటిన మనిషి, మోకాళ్ల నొప్పుల మనిషి, ప్రతి ఆదివారం అంత హడావుడిగా ఎక్కడికి పోతోందని ఒకరిద్దరు ఆరా కూడా తీశారు. చెబితే నవ్వుతారని ఆమె చెప్పలేదు.

ఆమె వెతుకుతున్నది ఒక బొమ్మ. ఆరడుగుల పొడవు, నాలుగడుగుల వెడల్పున్న గుడ్డ మీద ఆయిల్ రంగులతో వేసిన మనిషి శ్వాసమార్గం బొమ్మ. వేసింది ఆమె భర్త జయపాల్. అతను పోయి రెండేళ్లయింది. ఆ బొమ్మ పోయి ఎనిమిది నెలలు.

జయపాల్ సైన్‌బోర్డులు రాసేవాడు. ఒకప్పుడు నాంపల్లి స్టేషన్ రోడ్డు మీద సగం దుకాణాల పేర్లు అతని చేతిరాతే. తెలుగూ ఉర్దూ ఇంగ్లీషూ మూడూ ఒకే ఒరవడిలో రాసేవాడు. తర్వాత ఫ్లెక్సీలొచ్చాయి. ఒక్కొక్క బోర్డే దిగిపోయింది. అతను పోయాక డోరా ఒకరోజు పనిగట్టుకుని ఆ రోడ్డంతా నడిచింది, ఒక్క అక్షరమైనా మిగిలిందేమో చూద్దామని. ఒక్కటి కూడా లేదు. ఇంట్లో ఫొటోలున్నాయి. ఫొటోలో మొహం ఉంటుంది గానీ చేతిపని ఉండదు కదా. ఆ చెయ్యి చేసినదాన్ని ఇంకొక్కసారి తడిమి చూడాలని ఆమె కోరిక. అది కోరిక అనడం కూడా తక్కువే. అన్నం ముందు కూర్చుంటే అదే, పక్క మీద వాలితే అదే.

ఇక మిగిలింది కాలేజీలో ఉన్న ఆ బొమ్మ ఒక్కటే అనుకుంది. ఊళ్లోని ఒక మెడికల్ కాలేజీలో హిస్టాలజీ ల్యాబు టెక్నీషియన్‌గా ముప్పై నాలుగేళ్లు చేసి రిటైరైన మనిషి ఆమె. ఎప్పుడైనా వెళ్లి అడిగితే చూపించకపోతారా అని ధీమా. తీరా వెళ్తే ల్యాబంతా కొత్త రంగులు, గోడకు టీవీ తెరలు. పాత అటెండరు రామచందర్ తల గోక్కున్నాడు. "పాత చార్టులన్నీ కబాడీవాడు తీస్కపోయిండు మేడం. మొన్ననే. అమ్ముడువోయేటియి ఏమన్న ఉంటె అబిడ్స్‌ల కూసుంటయ్, చూడున్రి" అన్నాడు.

అప్పటినుంచి అబిడ్స్.

ఆదివారం అక్కడ దుకాణాల షట్టర్లు దిగి ఉంటాయి. వాటి ముందు ఫుట్‌పాత్ పొడవునా పాత పుస్తకాలు పరుస్తారు. బిచ్చయ్య చోటు ఒక బట్టల దుకాణం మెట్ల పక్కన. మిగతావాళ్లు ప్లాస్టిక్ పట్టాలు పరిస్తే అతను ఈమధ్య మందపాటి తెల్లబట్ట పరిచి, దాని మీద పుస్తకాలు వరసగా పేరుస్తున్నాడు. చూడ్డానికి ముచ్చటగా ఉంటుంది. డోరా చెప్పులు విడిచి ఆ బట్ట అంచు మీద కూర్చుని మోకాళ్లు రుద్దుకుంటుంది. అది బిచ్చయ్య ఆమెకిచ్చిన కుర్చీ.

"వచ్చిందా బిచ్చయ్యా?"

"రాలేదమ్మా. ఫికర్ జెయ్యకు. గీ అబిడ్స్‌కు రాని కాయితం లేదు."

పాపం, అతను వెతక్క కాదు. పైనొక కర్ర, కిందొక కర్ర ఉండి, చుట్ట చుట్టే చార్టు అని డోరా చెప్పిన గుర్తు పట్టుకుని, కర్రలున్నదల్లా తెచ్చి దాచాడు. ఒక వారం భారతదేశం నదులు. ఒక వారం అ ఆ ఇ ఈ. ఒక వారం "గిది సూడమ్మా, లోపలి అవయవాలే" అని గర్వంగా విప్పితే జీర్ణకోశం.

"ఇది కడుపు బిచ్చయ్యా. నాకు గొంతు కావాలె."

"జర కిందికి వోయినం, గంతే గద!"

డోరా నవ్వింది. ఇంటికెళ్లి ఏడ్చింది.

ఆ బొమ్మ వేసినప్పుడు ఆమెకు ఇరవై అయిదేళ్లు. మెదక్ నుంచి వచ్చి ఉద్యోగంలో చేరి ఏడాది. శరీరంలోని చిన్న ముక్కను వెంట్రుక కంటే సన్నగా కోసి, గులాబీ, ఊదా రంగుల్లో ముంచి, గాజు పలక మీద అంటించి స్లైడు తయారుచెయ్యడం ఆమె పని. అందులో ఆమెకు వంక పెట్టగలిగినవాడు లేడు. అప్పటి ప్రొఫెసర్ విశ్వనాథ్‌గారికి గోడ నిండా ఒక బొమ్మ కావాలనిపించింది. ముక్కు మొదలు ఊపిరితిత్తుల చివరి దాకా లోపలి పొర ఎక్కడెలా ఉంటుందో పిల్లలకు ఒక్క చూపులో తెలియాలి. ఎవరో సైన్‌బోర్డుల జయపాల్ పేరు చెప్పారు. అతను బ్రష్షులు పట్టుకుని వచ్చాడు. చొక్కా జేబులో సిగరెట్ పెట్టె, చెవి వెనక పెన్సిలు.

మైక్రోస్కోపు ఒంటికన్నుది. డోరా స్లైడు పెట్టి, సరిచేసి, లేస్తుంది. అతను కూర్చుని చూస్తాడు, వేస్తాడు. చూసిందేమిటో అర్థం కాకపోతే అడుగుతాడు. ఆమె చెబుతుంది. ఇరవై రోజులు అలా గడిచాయి.

"గివి నాలుగు వరసలున్నయా?" అన్నాడు మొదటి రోజు, శ్వాసనాళం స్లైడు చూసి.

"నాలుగు లేవు, ఒక్కటే వరస. పొడుగోళ్లు, పొట్టోళ్లు కలిసి నిలవడ్డరు గద, అందుకని గట్ల కనవడ్తది. అందరి కాళ్లు ఒక్క నేల మీదనే ఉన్నయ్, జర కిందికి చూడున్రి."

"మరి నెత్తి మీద వెంట్రుకలు?"

"సీలియా అంటరు. నడుమ నడుమ ఉబ్బిన కణాలున్నయ్ చూసిన్రా, గవి జిగురు తయారుచేస్తయ్. మనం పీల్చిన దుమ్ము జిగురుకు అంటుకుంటది. వెంట్రుకలు దాన్ని పైకి ఊడ్చుకుంట ఊడ్చుకుంట గొంతు దాకా తెచ్చి పడేస్తయ్."

"అంటే లోపల మున్సిపాలిటీ వాళ్లున్నరు."

"మున్సిపాలిటీ కాదు. వీళ్లు రోజూ పనిచేస్తరు."

జయపాల్ పగలబడి నవ్వాడు. నవ్వు చివర దగ్గొచ్చింది. సిగరెట్ పొగకు ఆ వెంట్రుకలు సోలిపోతాయనీ, రాత్రంతా పొగ తగలకపోతే తేరుకుని తెల్లారేసరికి ఊడవడం మొదలుపెడతాయనీ, పొద్దున్నే వచ్చే ఆ దగ్గు వాటి చలవేననీ ఆమె చెప్పింది. అతను బుద్ధిగా విన్నాడు. విని బయటికెళ్లి ఒకటి కాల్చుకొచ్చాడు. ఎవరికైనా చెప్పగలం గానీ చెవి మెలేసి వినిపించలేం కదా.

బొమ్మ కిందికి దిగింది. గొట్టాలు చీలి చీలి సన్నబడే చోట కణాలు పొట్టివయ్యాయి, జిగురు కణాలు మాయమయ్యాయి. అట్టడుగున గాలి తిత్తులు. అక్కడి పొరకు రంగు ఎంత పల్చగా వెయ్యాలో అతనికి అంతుపట్టలేదు. "గాలి ఇవతల, నెత్తురు అవతల. నడుమ అడ్డం ఉండి లేనట్టుండాలె" అంది డోరా. అతను బ్రష్షు పక్కన పెట్టి, గుడ్డ పేలికతో రంగు అద్ది తుడిచేశాడు. పేలిక తీశాక మిగిలిన మరకే గాలి తిత్తి గోడ. విశ్వనాథ్‌గారంతటి మనిషి దాని ముందు నిలబడి "భేష్" అన్నారు.

చివరికి మిగిలింది మధ్యలో గొంతు. స్వరతంత్రులు. స్లైడు పాతది, రంగు వెలిసిపోయింది, ఎంతకూ సరిగ్గా కనిపించడం లేదు. డోరా కుడికన్ను గొట్టానికి ఆనించి, ఎడమకన్ను మూసుకుని, మర తిప్పుతూ చాలాసేపు వంగే ఉంది. వంగే చెబుతోంది.

"గీడ వెంట్రుకలుండయ్, గుర్తు పెట్టుకోన్రి. మాట మాట్లాడినప్పుడల్ల రెండు తీగలు ఒకదానికొకటి కొట్టుకుంటయ్. ఎప్పటికి రాపిడే. గీడ వెంట్రుకలుంటె నిలుస్తయా? అందుకే దేవుడు పొర మీద పొర, పొర మీద పొర పరిచిండు. పైపొర అరిగిపోతది, లోపలి పొర భద్రంగ ఉంటది."

ఎడమ పక్కన స్టూలు మీద అతను. "మేము షట్టర్లకు రంగు రెండు కోట్లు వేసినట్టు" అన్నాడు. కాసేపటికి ఆమె లేచి, "ఇగ చూడున్రి, మంచిగ కనవడుతుంది" అంటే, "చూసిన" అన్నాడు. అప్పటికే బ్రష్షు నడుస్తోంది.

మర్నాడు డోరా నాలుగు రోజుల సెలవు మీద మెదక్ వెళ్లింది. తిరిగొచ్చేసరికి టేబుల్ మీద మెమో ఉంది. స్వరతంత్రుల స్లైడుకు బదులు శ్వాసనాళం స్లైడు పెట్టి చిత్రకారుణ్ణి తప్పుదారి పట్టించినందుకు సంజాయిషీ ఇవ్వమని. జరిగింది రామచందర్ చెప్పాడు. విశ్వనాథ్‌గారు బొమ్మ చూసి, "స్వరతంత్రుల మీద వెంట్రుకలేంటయ్యా? ఇది గొంతా, గొర్రెపిల్లా?" అని లేచారట. జయపాల్ తల దించుకుని, "కన్ను జర ఇటు అటు అయింది సార్" అన్నాడట. ఆయన ఆ మాట నమ్మలేదు. వెంట్రుకలు ఊహించుకుని వేసేవి కావు, స్లైడే తప్పయి ఉండాలని తేల్చేశారు. జయపాల్ అక్కడికక్కడే తప్పు మీద రంగు పూసి, పైన పొరలు పొరలుగా సరైన బొమ్మ వేసి, సామాను సర్దుకుని వెళ్లిపోయాడట. డోరా వెళ్లి చూస్తే గొంతు మధ్యలో జానెడు మేర కొత్త రంగు. తప్పు కనిపించనే లేదు.

తను స్లైడు మార్చిందా? మార్చలేదని ఆమెకు తెలుసు. కానీ మెమో మీద సంతకాలున్నాయి. నాలుగో నాడు నిజంగానే మార్చానేమోనని అనుమానం మొదలైంది. పనిలో వంక లేని మనిషికి ఒక్క వంక చాలు, నలుసులా కంట్లోనే ఉంటుంది.

మూడు నెలల తర్వాత జయపాల్ తన మేనత్తను వెంటబెట్టుకుని మెదక్ వెళ్లి డోరాను అడిగాడు. పెళ్లయింది. పిల్లలు కలగలేదు. ముప్పై మూడేళ్లు కలిసి బతికారు. మంచివాడు. కూర బాగుంటే బాగుందనేవాడు, చీర బాగుంటే ఆ రంగు పేరు చెప్పేవాడు. అంతకు మించి నోరు తెరిచి మనసులో మాట ఒక్కనాడు అనలేదు. ఊళ్లో అందరి పేర్లూ నిలువెత్తు అక్షరాల్లో రాసే మనిషికి ఇంట్లో మాత్రం మాట కరువు. డోరాకు అది లోటే. ఎందుకు చేసుకున్నాడు నన్ను? మెమో ఇప్పించానే అని జాలిపడి చేసుకున్నాడా? ఈ ప్రశ్న ఆమె ఎన్నోసార్లు మింగింది. బయటికి మాత్రం వేరే ప్రశ్న అడిగేది.

"నా స్లైడు తప్పా, చెప్పు."

"స్లైడు మంచిదే."

"మరి?"

"కన్ను ఇటు అటు అయిందని చెప్పిన గద" అనేవాడు, నవ్వి.

తప్పించుకుంటున్నాడని ఆమెకు ఒళ్లు మండేది. చివరి ఏడాది అతనికి మాట కూడా కష్టమైంది, ఊపిరి చాలేది కాదు. ఆ వెంట్రుకలు ఇక తేరుకోలేనంతగా అలిసిపోయాయని దవాఖానలో డాక్టరు చెప్పకముందే ఆమెకు తెలుసు. పొద్దున అయిదింటికి వచ్చే దగ్గు వినిపిస్తే, ఇంకా ఊడుస్తున్నాయి పాపం అనుకునేది. ఇప్పుడు అయిదింటికి మెలకువ వస్తుంది. దగ్గు లేని ఇల్లు ఎంత నిశ్శబ్దంగా ఉంటుందో ఆమెనడగాలి.

జూలై మూడో ఆదివారం వాన పొద్దుటినుంచీ ఊరిస్తూ, పన్నెండున్నరకు ఒక్కసారిగా కురిసింది. ఫుట్‌పాతంతా కేకలు. డోరా అప్పుడే వచ్చి బట్ట అంచు మీద కూర్చోబోతోంది.

"అమ్మా, లెవ్ లెవ్! జర పట్టు!"

ఇద్దరూ పుస్తకాలను చేతికందినట్టు తీసి మెట్ల మీద గుట్ట పోశారు. ప్లాస్టిక్ పట్టా సగానికే వచ్చింది. మిగతా సగం తడుస్తుంటే బిచ్చయ్య కింద పరిచిన బట్టను బర్రున లాగి, తిరగేసి పుస్తకాల మీద కప్పేశాడు. అడుగువైపు పైకొచ్చింది. ఎనిమిది నెలల అబిడ్స్ మట్టి నల్లగా అట్టకట్టి ఉంది. దాని మీద వాన ధారగా పడుతోంది. మట్టి కరిగి మెట్ల మీదుగా జారింది. దాని కింద నుంచి గులాబీ రంగు బయటపడింది. ఆ పక్కన ఊదా.

డోరా చంకలోని గొడుగు జారి కింద పడింది.

"బిచ్చయ్యా."

"ఏందమ్మా, తడుస్తున్నవ్..."

"ఇది ఏడిది?"

"గిదా? కబాడీల దొరికింది. మందం బట్ట, మంచిగున్నదని తెచ్చిన. ఒక దిక్కు ఏందో రంగులు పూసున్నయ్, మాసిపోయి. తెల్లదిక్కు పైకేస్తె పుస్తకాలు మంచిగ కనవడ్తయని..." అతను బట్ట అంచు ఎత్తి చూశాడు. "నీ చార్టుకు కర్రలున్నయంటివి గదమ్మా!"

కర్రలు కబాడీవాడు పీకేశాడు. అంత పొడవు టేకు కర్రలు ఎవరు వదులుతారు? ఆమె చెప్పిన గుర్తు నిజమే, అతను వెతికిందీ నిజమే. ఎనిమిది నెలలు ఇద్దరూ దాని మీదే కూర్చుని దాని కోసం మాట్లాడుకున్నారు.

డోరా మోకాళ్ల మీద వంగి చేత్తో మట్టి తుడవసాగింది. ముక్కు మొత్తం పోయింది. ఫుట్‌పాత్ గరుకుకు శ్వాసనాళం గీతలు గీతలుగా చెక్కుకుపోయింది. అంచున మాత్రం ఓ వరస సీలియా మిగిలింది, నిలువుగా, ఒకే ఎత్తున. గాలి తిత్తులున్నచోట ఉత్త గుడ్డ. పేలికతో అద్దిన ఆ పల్చటి రంగు ఎప్పుడో అరిగిపోయింది. మూలన "జె.పా." అన్న సంతకంలో "జె" ఒక్కటే ఉంది. ఆమె దాని మీద చెయ్యి పెట్టి అలాగే ఉండిపోయింది. వెతికింది దొరికింది, దొరికింది మిగల్లేదు. "అయ్యో" అంది. వానకు ఆ మాట ఆమెకే వినపడలేదు.

అప్పుడు బొమ్మలో గొంతు దగ్గర తెల్లటి నీళ్లు కారడం చూసింది.

దిద్దుబాటు చేసిన ఆ జానెడు మేర కొత్త రంగు ఇన్ని నెలల రాపిడికి చాలావరకు రాలిపోయింది. మిగిలింది వాన తగలగానే సున్నంలా కరిగి పోతోంది. వేలితో రుద్దింది. వేలికి అంటుకుని వచ్చింది. దాని అడుగున ముప్పై ఆరేళ్ల కిందటి ఆయిల్ రంగు, నిన్న వేసినట్టు తళతళలాడుతూ, గీత చెదరకుండా ఉంది. బొమ్మ మొత్తంలో అరగనిది ఆ ముక్క ఒక్కటే.

"గదేందమ్మా?" బిచ్చయ్య ఆమె మీద గొడుగు పట్టి, ఎదురుగా వంగాడు.

"తప్పు, బిచ్చయ్యా. గీడ వెంట్రుకలు ఉండొద్దు. గొంతు తీగల మీద ఉండయ్. దీనికే నాకు మెమో ఇచ్చిన్రు, స్లైడు తప్పు పెట్టిన్నని."

బిచ్చయ్యకు స్లైడు తెలియదు, సీలియా తెలియదు. తల అటు తిప్పి ఇటు తిప్పి చూశాడు.

"వెంట్రుకలేందమ్మా? కన్ను గద ఇది. మూసిన కన్ను. రెప్పలు సూడు, ఎంత మంచిగేసిండో."

డోరా కళ్లద్దాలు తుడుచుకుని మళ్లీ చూసింది. ముప్పై నాలుగేళ్లు మైక్రోస్కోపులో చూసిన కళ్లకు ఎక్కడ చూసినా సీలియానే. విశ్వనాథ్‌గారి కళ్లకూ అంతే. అంచున మిగిలిన శ్వాసనాళం వెంట్రుకలు నిటారుగా, పొట్టిగా, ఒకే ఎత్తున ఉన్నాయి. ఇవి అలా లేవు. పొడుగ్గా, ఒంపుగా, నడుమవి పెద్దవి, కొసవి చిన్నవి, చివర్లు పైకి తిరిగి ఉన్నాయి. వాటి పైన సన్నగా ఒంగిన రెప్ప గీత. ఎడమ పక్క స్టూలు మీద కూర్చున్న మనిషికి తప్ప ఇంకెవరికీ కనిపించే వీల్లేని ఎడమకన్ను.

కన్ను జర ఇటు అటు అయింది అని అతను ఎన్నిసార్లు చెప్పాడు! ఆ ఒక్క మాటే చెప్పాడు, అదే నిజం చెప్పాడు.

దాని మీద పూసింది నీళ్ల రంగు. ఆయిల్ రంగు మీద నీళ్ల రంగు నిలవదని బ్రష్షు పట్టిన మొదటి రోజు కుర్రాడికైనా తెలుసు. జయపాల్‌కు తెలియదా? బతుకంతా వానకు తడిసే బోర్డులే రాసినవాడు.

"ఎవలదమ్మా ఈ కన్ను?" అన్నాడు బిచ్చయ్య.

డోరా ఎడమకన్ను మూసుకుంది. రెప్పల మీంచి వాన కారుతోంది, ఇంకేదో కూడా కారుతోంది. ఒక్కసారి నోటితో చెప్తే ఏం పోయేదయ్యా నీకు, అని గొంతు దాకా వచ్చింది. వచ్చి ఆగిపోయింది.

"నా స్లైడు మంచిదే బిచ్చయ్యా" అంది.